పిచ్చాసుపత్రి నేపథ్యంగా నాటకం: గోడల కంటే ముందు రిజిస్టరు చూడండి

కడపలో మీ కాలేజీ బృందం వేయబోయే నాటకం కథంతా పిచ్చాసుపత్రిలోనే నడుస్తుందన్నారు. పెద్దల మాట కాదన్న అమ్మాయిని ఇంట్లోవాళ్లే అక్కడ పడేస్తారు, ఆమె లోపల తిరగబడుతుంది. ఆసుపత్రి అంటే సమాజం, తాళాలు పట్టుకున్న నర్సు అంటే అధికారం, ఆ పిల్ల అంటే ధిక్కారం. ఈ గుర్తు నిజంగా నిలబడుతుందా, పెద్ద పిచ్చాసుపత్రే లేని మన సీమలో కథ పెడితే అతుకుతుందా అని అడిగారు.

నేను అనంతపురంలో సైకియాట్రిక్ సోషల్ వర్కర్‌ని. ఈ పనిలో 24 ఏళ్లయింది. చదువుకునే రోజుల్లో వేరే ఊళ్లో పాతకాలపు మానసిక ఆసుపత్రి వార్డుల్లో నెలల తరబడి పనిచేశాను. నాటకాల సంగతి నాకు పెద్దగా తెలియదు, వార్డుల సంగతి మాత్రం బాగా తెలుసు. అందుకే కొంచెం పొడుగ్గానే రాస్తున్నా.

ముందు మన ప్రాంతం సంగతి. మన మూడు జిల్లాల్లో తిట్టు వినండి. కర్నూలులో ఎవరైనా తలతిక్కగా మాట్లాడితే "వీణ్ణి ఎర్రగడ్డకు పంపాల" అంటారు. అనంతపురంలో "బెంగుళూరుకు తీస్కపోండప్పా" అంటే చాలు, అక్కడి పెద్ద మానసిక ఆసుపత్రి నిమ్హాన్స్ అని అందరికీ అర్థమైపోతుంది. కడపలో బాగా పెద్దవాళ్లను కదిలిస్తే కీల్పాక్ పేరు వస్తుంది, ఎందుకంటే మనం మద్రాసు రాష్ట్రంలో ఉన్నంత కాలం పెద్ద పిచ్చాసుపత్రి అంటే 1871లో మద్రాసులో తెరిచిన ఆ కీల్పాక్ ఆసుపత్రే. అంటే మనవాళ్లకు పిచ్చాసుపత్రి కళ్లముందు కనబడే కట్టడం కాదు. రాత్రి బస్సో, మద్రాసు రైలో ఎక్కించి ఎక్కడికో పంపేయడం. పోయినవాడు ఎప్పుడొస్తాడో తెలియదు. మీ నాటకానికి ఆ దూరమే మొదటి సీన్ అనుకోండి. ఆసుపత్రి గేటు దగ్గర కాదు, బస్టాండులో మొదలుపెట్టండి.

ఇక అసలు సంగతి. పిచ్చాసుపత్రి రచయితలకు అంత ఇష్టమైన గుర్తు ఎందుకైంది? చాలామంది గోడలు, గొలుసులు, కేకలు అంటారు. గోడలూ తాళాలూ జైల్లోనూ ఉంటాయి కదా. జైల్లో ఉన్నవాడు "నేను చేయలేదు" అంటే జనం నమ్మకపోవచ్చు, కానీ అది ఒక వాదన అని ఒప్పుకుంటారు. పిచ్చాసుపత్రిలో "నాకేం కాలేదు" అంటే దాన్నే జబ్బు లక్షణంగా రాసుకుంటారు. కోపం వస్తే ఉద్రేకం, నోరు మూసుకుంటే ముభావం, తిండి మానేస్తే మొండితనం. మనిషి ఏం మాట్లాడినా ఫైల్లోకి పోయేసరికి అర్థం మారిపోతుంది. లోపల ఉన్నవాళ్ల మాట చెల్లదు, బయట ఉన్నవాళ్ల సంతకం చెల్లుతుంది. మిగతా ఏ చెరలోనూ ఇంత గట్టి సంకెల లేదు. మీ నాటకం పట్టుకోవాల్సింది దీన్నే.

ఇది నేను పుస్తకంలో చదివి చెప్పడం లేదు, నా చేత్తో నేనే చేశాను. ఆ పాత ఆసుపత్రిలో ఆడవాళ్ల వార్డులో సాయంత్రం ఆరింటికి లెక్క ఉండేది. అందరినీ వరండాలో వరుసగా కూర్చోబెట్టి, ఆయా ఒక్కొక్కరి తలమీద చేయి పెట్టి ఒకటి, రెండు, మూడు అని లెక్కపెట్టేది. అందరికీ ఒకే రంగు నీలం గౌను. పేలు పడతాయని జుట్టు పొట్టిగా కత్తిరించేవాళ్లు. నలభై ఏళ్లు దాటిన ఒకావిడ ఉండేది. తన దగ్గరికి లెక్క రాగానే తల పక్కకు తీసేసి, ఇంటిపేరుతో సహా తన పేరు, మొగుడి పేరు కాకుండా తండ్రి పేరు, ఊరి పేరు గట్టిగా చెప్పేది. లెక్క తప్పేది. మళ్లీ మొదట్నుంచి. మళ్లీ అదే. తక్కినవాళ్లు అన్నం చల్లారిపోతుందని విసుక్కునేవాళ్లు. నాకు అప్పుడు ఇరవై మూడేళ్లు. ఆ రోజు నోట్స్ రాయడం నా వంతు. "అన్‌కోఆపరేటివ్" అని ఒక్క ముక్క రాసి సంతకం పెట్టాను. ఆ మాట ఆమె ఫైల్లో అప్పటికే ఎన్నో చేతిరాతల్లో ఉంది, దాని కింద నాది ఒకటి చేరింది. ఆమెకు జబ్బు లేదని చెప్పను. ఉంది, మందులూ వేసుకునేది. కానీ రోజుకు ఒక్కసారైనా తన పేరు తను పలకాలనుకోవడం జబ్బు కాదు. అది తెలిసేసరికి నేను ఆ ఊరు వదిలి చాలా ఏళ్లయింది. ఆ ఒక్క మాట ఇప్పటికీ నన్ను బాధపెడుతుంది.

ధిక్కారం అంటే మీరు మంచాలు తిరగేయడం, కిటికీలు పగలగొట్టడం ఊహించుకుని ఉంటారు. వార్డులో అసలు తిరుగుబాటు ఇలాంటిదే. గౌను తిరగేసి వేసుకోవడం. ఇచ్చిన మాత్ర దవడ కింద పెట్టుకుని తర్వాత చెట్టు మొదట్లో పాతిపెట్టడం. కొంగు చివర రూపాయి బిళ్ల ముడి వేసుకుని, ఇంటికి పోయే బస్సు చార్జీకని ఏళ్ల తరబడి దాచుకోవడం.

చరిత్రలో ఈ గుర్తుకు బలం ఎక్కడిదో రెండు మాటలు. 1656లో పారిస్‌లో రాజాజ్ఞతో "జనరల్ హాస్పిటల్" పెట్టినప్పుడు అందులో వేసింది మతి తప్పినవాళ్లను మాత్రమే కాదు, బిచ్చగాళ్లను, దిమ్మరులను, పని లేనివాళ్లను అందరినీ కలిపి. 1851లో అమెరికాలో కార్ట్‌రైట్ అనే డాక్టరు, బానిసలు యజమాని దగ్గర్నుంచి పారిపోవడం ఒక మానసిక రోగమని రాసి దానికి పేరు కూడా పెట్టాడు. 1970లో సోవియట్ యూనియన్‌లో ఝోరెస్ మెద్వెదేవ్ అనే జీవశాస్త్రవేత్తను ప్రభుత్వాన్ని విమర్శించినందుకు మానసిక ఆసుపత్రిలో పెట్టారు. తోటి శాస్త్రవేత్తలు గొడవ చేస్తే 19 రోజులకు వదిలారు. కాబట్టి మీ కథలో అమ్మాయి సంగతి అసాధ్యమేమీ కాదు.

మన దేశానికి వస్తే 1857 తిరుగుబాటు మరుసటి ఏడే, 1858లో, పిచ్చాసుపత్రుల చట్టాలు వచ్చాయి. తర్వాత 1912లో ఇండియన్ లూనసీ యాక్ట్. ఇంట్లోవాళ్లు అర్జీ పెట్టుకుని, ఇద్దరు డాక్టర్ల సర్టిఫికెట్లు జతచేస్తే మెజిస్ట్రేట్ ఆర్డరు ఇచ్చేవాడు, మనిషి లోపలికి పోయేవాడు. దిక్కులేకుండా తిరుగుతున్నవాడు మతి తప్పినవాడని అనిపిస్తే పోలీసులే పట్టుకుని మెజిస్ట్రేట్ ముందు నిలబెట్టొచ్చు. ఈ చట్టం చదివినప్పుడల్లా నాకు వేమన గుర్తొస్తాడు. కదిరి దగ్గర కటారుపల్లిలో ఆయన సమాధిని జనం ఇప్పటికీ కొలుస్తారు. బట్ట లేకుండా తిరిగిన మనిషి, కులాన్నీ గుళ్లనీ గురువులనీ కడిగేసిన మనిషి. వెర్రివేమన అన్నారు. వెర్రివాడంటూనే చుట్టూ కూర్చుని విన్నారు, పద్యాలు కంఠతా పట్టారు. వాటిని సేకరించి 1829లో అచ్చువేయించినవాడు కడపలో ఉద్యోగం చేసిన బ్రౌన్ దొర, కంపెనీ అధికారే. అదే వేమన 1912 తర్వాత కదిరి సంతలో అలా తిరిగి ఉంటే, ఏ హెడ్ కానిస్టేబులో పట్టుకుని మెజిస్ట్రేట్ ముందు పెట్టి, మద్రాసు రైలెక్కించి ఉండేవాడు. అక్కడ గౌను తొడిగి, లెక్కలో కూర్చోబెట్టి, పద్యం చెబితే "అసంబద్ధ ప్రేలాపన" అని రాసుకునేవాళ్లు. సీమలో ఈ గుర్తు అతుకుతుందా అన్నారు కదా. ఇంతకంటే బాగా ఇంకెక్కడ అతుకుతుంది?

కీల్పాక్‌తో ముడిపడిన ఇంకో మనిషి బెంగాలీ విప్లవకారుడు ఉల్లాస్కర్ దత్. అలీపూర్ బాంబు కేసులో ముందు ఉరిశిక్ష, తర్వాత ద్వీపాంతరవాసం. అండమాన్ సెల్యులర్ జైల్లో 1912లో పని చేయనని ఎదురు తిరిగాడు. చేతులకు బేడీలు వేసి నిలబెట్టి వేలాడదీశారు. ఒళ్లు కాలిపోయే జ్వరం, భ్రమలు. అక్కణ్ణుంచి మద్రాసు పిచ్చాసుపత్రికి తెచ్చారు, 1920లో గానీ విడుదల కాలేదు. ఈయన కథ మీ బృందమంతా కూర్చుని మాట్లాడుకోవాలి. ఎందుకంటే ఇందులో రెండు నిజాలు ఒకే ఒంట్లో ఉన్నాయి. ఎదురు తిరిగినందుకే ఆ గతి పట్టింది, అది నిజం. ఆ భ్రమలూ నిజమే, నటన కాదు. ఆయన్ను "పిచ్చివాడు కాదు, విప్లవకారుడు" అని ఒక్క మాటతో తేల్చేస్తే ఆయన పడిన నరకంలో సగం చెరిపేసినట్టే.

మీ కథతో నాకు పేచీ ఇక్కడే. పిచ్చాసుపత్రిని గుర్తుగా వాడే చాలా కథల్లో లోపల ఉన్నవాళ్లకు అసలు జబ్బే ఉండదు. మాత్ర అంటే విషం, డాక్టరు అంటే రాక్షసుడు, కరెంటు షాకు అంటే శిక్ష. ఒకప్పుడు మత్తు ఇవ్వకుండా, నలుగురు పట్టుకుని షాకు ఇచ్చిన మాట నిజం, శిక్షగా వాడిన చోట్లూ ఉన్నాయి. ఇప్పుడు మత్తు, కండరాలు సడలే మందు ఇవ్వకుండా షాకు ఇవ్వడం చట్టప్రకారమే నిషేధం. తిండి నీళ్లు మానేసి కొయ్యబారిపోయి పడుకున్న మనిషి ఆ చికిత్సతో నాలుగైదు రోజుల్లో లేచి కూర్చుని కాఫీ అడగడం నేను చూశాను. మీ నాటకం చూసి ఇంటికి పోయిన ఒక తల్లి, "అయ్యో, మా వాణ్ణి ఆసుపత్రికి తీసుకుపోతే ఇట్లా చేస్తారంట" అని మళ్లీ భూతవైద్యుడి దగ్గరికి పోతే ఆ పాపం ఎవరిది?

ఎందుకింత గట్టిగా చెబుతున్నానంటే, సీమలో నేను చూసిన అతి పెద్ద చెర ఏ ఆసుపత్రిలోనూ లేదు. పశువుల కొట్టంలో ఉంది. మా జిల్లాలో ఒక ఊరికి ఇంటింటి సర్వేకి పోయినప్పుడు, ఒక పెద్దావిడ నన్ను పక్కకు పిలిచి కొట్టం వెనక్కి తీసుకుపోయింది. ముప్పై ఏళ్ల కొడుకు. గాడికి కట్టే గొలుసు, కాలికి తాళం, తాళంచెవి ఆమె మొలకు. నాలుగేళ్లుగా అంతే. "రెండుసార్లు బాయిలో దూకబోయినాడు. చెనిక్కాయ ఇత్తేటప్పుడు ఇంట్లో ఎవురుంటారు మేడం? నాకేం సరదానా?" అని ఏడ్చింది. ఆమెను రాక్షసి అందామా? అప్పటికే దర్గాకు పోయారు, ఆంజనేయస్వామి గుడిలో నలభై రోజులు నిద్ర చేయించారు, రెండెకరాలు కుదువ పెట్టారు. గవర్నమెంటు ఆసుపత్రిలో మాత్రలు ఊరకే ఇస్తారని ఎవరూ చెప్పలేదు.

మందులు మొదలైన ఏడో వారంలో గొలుసు తీశారు. ఆ రోజు నేను అక్కడే ఉన్నా. చీలమండ చుట్టూ చర్మం నల్లగా, గట్టిగా, ఎద్దు మెడ మీద కాడి మోపిన చోటులా అయిపోయింది. ఆ అబ్బాయి లేచి నిలబడి, గడప దాకా వచ్చి ఆగిపోయాడు. "మా, నా చెప్పులు యాడున్యాయి?" అన్నాడు. నాలుగేళ్లలో చెప్పుల అవసరం పడలేదు కాబట్టి ఇంట్లో అతని చెప్పులే లేవు. తమ్ముడి చెప్పులు వేసుకుని వీధిలోకి వచ్చాడు, ఒక సైజు చిన్నవి.

నా వరకు ఆ అబ్బాయి వేసుకున్న మాత్రే అతని తిరుగుబాటు. మీకిది వింతగా అనిపించొచ్చు. కానీ గొలుసు తెగింది దానితోనే.

తమిళనాడులో ఏర్వాడి సంగతి విన్నారో లేదో. 2001 ఆగస్టు 6 తెల్లవారుజామున దర్గా దగ్గరున్న ఒక ప్రైవేటు ఆశ్రమంలో నిప్పంటుకుంది. లోపలివాళ్లు గొలుసులతో కట్టేసి ఉన్నారు. 28 మంది కాలిపోయారు. వాళ్లందరినీ అక్కడికి తెచ్చి వదిలింది సొంతవాళ్లే, చాలామంది ప్రేమతోనే, దేవుడు నయం చేస్తాడన్న నమ్మకంతోనే. నియంత్రణ అనగానే ప్రభుత్వాన్నో దుర్మార్గుడైన డాక్టరునో చూపించడం సులువు. ప్రేమగా కట్టేసిన చేతిని చూపించడం కష్టం. మీరు చేయగలిగితే అది చేయండి.

జబ్బు లేకుండా ముద్ర వేసిన సంగతులూ లేకపోలేదు. ఒక అమ్మాయి తండ్రి పొలంలో తన వాటా అడిగింది. అన్నలు "దానికి తిక్క పట్టింది" అని ఊరంతా చెప్పి, పక్క రాష్ట్రంలో ఒక ప్రైవేటు చోట మూడు వారాలు పెట్టారు. మా దగ్గరికి వచ్చినప్పుడు డాక్టరు గంటన్నర మాట్లాడి జబ్బేమీ లేదని రాసిచ్చాడు. అయినా ఊళ్లో ఆ పేరు పోలేదు. ఆమె ఏ మాట అన్నా "ఆసుపత్రిలో ఉండొచ్చింది కదా" అనేవాళ్లు. విడాకుల కేసుల్లోనూ ఇదే ఆయుధం. ఫైల్లో స్కిజోఫ్రీనియా అన్న పేరు ఉన్నంత మాత్రాన చాలదు, జబ్బు ఏ మేరకు ఉందో చూడాలని 1988లోనే సుప్రీంకోర్టు రామ్‌నారాయణ్ గుప్తా కేసులో చెప్పింది. ఇళ్లలో మాత్రం పేరే చాలుతోంది.

మీ కథానాయికకు ఇప్పటి కాలం పెట్టేట్టయితే 2017 నాటి మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టం ఒకసారి చదవండి. 2018 మేలో అమల్లోకి వచ్చింది. అందులో మూడో సెక్షన్ చూస్తే మీకే ఆశ్చర్యమేస్తుంది. ఒక మనిషి తన చుట్టూ ఉన్న సమాజపు నీతికి, కట్టుబాట్లకు, రాజకీయ, మత నమ్మకాలకు ఒదగకపోవడాన్ని బట్టి మానసిక జబ్బు ఉందని నిర్ణయించకూడదని స్పష్టంగా రాశారు. ఒకసారి ఆసుపత్రిలో ఉన్నంత మాత్రాన ఇప్పుడూ జబ్బు ఉందని అనుకోకూడదు. మనిషి ఒప్పుకోకపోయినా చేర్చుకోవాల్సి వస్తే ముందు 30 రోజుల వరకే, అదీ ఇద్దరు నిపుణులు విడివిడిగా చూసి రాశాక. ఆడవాళ్లనూ పిల్లలనూ అలా చేర్చుకుంటే 3 రోజుల్లో, మిగతావాళ్లయితే 7 రోజుల్లో, ఇలాంటి చేర్పులను పరిశీలించే రివ్యూ బోర్డుకు తెలపాలి. గొలుసు ఏ రూపంలోనూ వేయకూడదు.

అదే చట్టంలో ఇరవయ్యో సెక్షన్ మొదటిసారి చదివినప్పుడు నేను కాసేపు ఫైలు మూసి కూర్చుండిపోయాను. బలవంతంగా గుండు చేయకూడదు. ఇష్టమైతే సొంత బట్టలు కట్టుకోవచ్చు, యూనిఫారం వేసుకోమని బలవంతం చేయకూడదు. పని చేయమని ఒత్తిడి పెట్టకూడదు, చేస్తే కూలి ఇవ్వాలి. పార్లమెంటు చేసిన చట్టంలో గౌను గురించీ జుట్టు గురించీ ఎందుకు రాయాల్సి వచ్చింది? ఆ నీలం గౌను తిరగేసి వేసుకున్న ఆడవాళ్లు, లెక్కలో తల పక్కకు తీసేసినవాళ్లు దేశమంతటా అలాంటి వార్డుల్లో ఉన్నారు కాబట్టి. నేను "అన్‌కోఆపరేటివ్" అని రాసిందే అక్కడ హక్కు అని రాశారు.

గోడలు నిజంగా పడగొట్టినవాళ్లూ ఉన్నారు. అమృత్‌సర్ మానసిక ఆసుపత్రిలో డాక్టర్ విద్యాసాగర్ 1950లలో రోగుల కుటుంబాలను పిలిచి ఆవరణలోనే గుడారాల్లో ఉంచాడు. తల్లి పక్కనుంటే మనిషి తొందరగా కోలుకుంటాడని, ఇంటికీ తొందరగా పోతాడని చూపించాడు. ఆసుపత్రి దాకా రాలేనివాళ్ల కోసం మన పక్కనే బళ్లారి జిల్లాలో 1980లలో నిమ్హాన్స్ వాళ్లు ఊళ్లలోని ప్రాథమిక ఆరోగ్య కేంద్రాల్లోనే మందులు ఇచ్చే పద్ధతి మొదలుపెట్టారు. ఇప్పటి జిల్లా మానసిక ఆరోగ్య కార్యక్రమానికి అదే మూలం.

రంగస్థలానికి పనికొచ్చేది మాత్రం ఇటలీలో త్రియెస్తే సంగతి. 1973లో అక్కడి ఆసుపత్రిలో రోగులు, డాక్టర్లు, కళాకారులు కలిసి ఒక ఖాళీ వార్డులో పెద్ద నీలం గుర్రాన్ని చేశారు. ఆసుపత్రిలో మైలబట్టల బండి లాగిన ముసలి గుర్రం పేరే దానికీ పెట్టారు, మార్కో కవాల్లో అని. ఎవరెవరి కోరికలు వాళ్లు కాగితాల మీద రాసి దాని కడుపులో వేశారు. తీరా ఊరేగింపుకు తీద్దామంటే గుర్రం వాకిట్లో పట్టలేదు. వాకిలి పగలగొట్టి మరీ బయటికి తెచ్చారు. అక్కడి పెద్ద డాక్టరు బజాలియా పోరాటంతో 1978లో ఇటలీ కొత్తగా ఎవరినీ పిచ్చాసుపత్రుల్లో చేర్చకూడదని చట్టమే చేసింది. గుర్రాన్ని ఎత్తుకొచ్చి మీ నాటకంలో పెట్టమనడం లేదు. మన దగ్గర పీర్ల పండగ ఉంది, తోలుబొమ్మలు ఉన్నాయి, వాటిని చేసే నిమ్మలకుంట మీకు దూరమేమీ కాదు. వార్డులోవాళ్లు ఏం చేసి బయటికి పంపుతారో మీరే ఆలోచించండి.

ఒక్క విన్నపం. మీ నాటకం చూసేవాళ్లలో ఎవరింట్లోనో ఇలాంటి మనిషి ఉండే ఉంటారు. చివర్లో మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలీమానస్ నంబరు 14416 చెప్పండి, తెలుగులో మాట్లాడతారు, డబ్బులేమీ తీసుకోరు. ఎవరినైనా అన్యాయంగా పెట్టారని తెలిస్తే న్యాయ సేవాధికార సంస్థ నంబరు 15100.

రిహార్సల్ మొదలుపెట్టే ముందు మీ అమ్మాయి వేషం వేసే నటి, నర్సు వేషం వేసే నటి ఇద్దరూ ఒక ఉదయం మీ ఊరి పెద్దాసుపత్రిలో మానసిక విభాగం ఓపీ బయట బెంచీ మీద కూర్చోండి. ఫోటోలు వద్దు, రాసుకోవడమూ వద్దు. ఫైలు ఎవరి చేతిలో ఉందో చూడండి. లోపల్నుంచి "పేరేందమ్మా?" అని అడిగినప్పుడు జవాబు ఎవరి నోట్లోంచి వస్తుందో వినండి. స్క్రిప్టు అయ్యాక వార్డు సీన్ల వరకు ఇక్కడే పెడితే చదివి చెప్తాను.